మొలోయికి ఎన్ని అర్థాలో

అక్టోబరు 9, 2008, గురువారం

ముసలిమామని, అంటే ఈ ఇంటి ముసలావిడని, చూసుకోడానికి కొత్త నర్సు దిగింది. పేరు డికెలేది అంట. దేశం బోట్స్వానా. అదెక్కడుంది తల్లీ అంటే సౌతాఫ్రికా నెత్తి మీద అంది. నెత్తి మీదో కాళ్ళ కిందో, నాకెందుకు. జిలానికి ఆ పేరు నోరు తిరక్క "దీదీ" అనేశాడు. ఇంక అదే ఖాయం.

వచ్చిన అరగంటకే నా వంటింట్లోకొచ్చి గిన్నె మూత తీసి వాసన చూసింది. గల్ఫుకొచ్చి, అల్ హైల్‌లో ఈ ఇంట్లో చేరి ఆరేళ్ళయింది, ఇంతవరకూ నా గిన్నె మూత నేను తప్ప ఇంకోళ్ళు తియ్యలేదు. సాక్షాత్తూ మేడం కూడా గుమ్మంలో నించునే "వీరవేణీ, అయిందా?" అని అడుగుతుంది. ఇదొచ్చి చక్కా మూత తీసింది. చేతిలోంచి లాక్కుని గిన్నె మీద పెట్టేశాను. నవ్వింది. సిగ్గులేని మొకం.

దీంతో కలిపి పనివాళ్ళం నలుగురం అయ్యాం. వంటకి నేను. కారుకి జిలాని, రాయచోటి మనిషి, నలభై దాటినా పెళ్ళికొడుకులా అరగంట తల దువ్వుకుంటాడు. ముసలావిడకి ఈ దీదీ. పిల్లాడికి శాంతవ్వ. శాంతవ్వ గురించి రాయడానికేముంది? జగిత్యాల దిక్కుది. పైన ముందు పళ్ళు రెండు లేవు. ఆ బోసినోటితో "గట్లనా అక్కా, గిట్లనా అక్కా" అంటుంటే చెవుల్లో ఇసక పోసినట్టుంటుంది. ఆ నోటి పాటకే మేడం కొడుకు నిద్రపోతాడంట. పిల్లాడికి ఎనిమిది నెలలు, వాడికి మాత్రం ఏం తెలుస్తుంది.

అక్టోబరు 12, ఆదివారం

మధ్యాహ్నం ఇంట్లోవాళ్ళు కునుకు తీస్తుంటే మేమందరం హాల్లో ఉన్నాం. మేడం కూతురు మరియం టీవీలో బొమ్మల సినిమా పెట్టుకుంది. చీపురెక్కి ఎగిరే ముసల్ది వస్తే "సాహిరా! సాహిరా!" అని అరుస్తోంది. మంత్రగత్తె అని.

జిలాని ఊరుకోడు కదా. "మేం జాదూగర్నీ అంటాం. మీ గోదారోళ్ళు ఏమంటారక్కా?" అన్నాడు. చిల్లంగి అంటాం అన్నాను. "మీ పక్క, శాంతవ్వా?" అంటే అది పిల్లాడి నోరు తుడుస్తున్నట్టు నటించి లేచి లోపలికెళ్ళిపోయింది. దాని బదులు నేనే చెప్పాను, వాళ్ళు బాణామతి అంటారని. ఆ మాత్రం నాకు తెలుసు. పేపర్లో ఎన్నిసార్లు పడలేదు!

దీదీ వాళ్ళ భాషలో మొలోయి అంట. రెండు రకాలంట. రాత్రివాళ్ళు ఒకళ్ళు. బట్టలు విప్పేసి, దుమ్ములగొండి ఎక్కి ఊరంతా తిరుగుతారంట, తలుపులు వేసున్నా ఇళ్ళలోకి వచ్చేస్తారంట. నువ్వు చూశావా అన్నాను. "ఎవరూ చూడలేదు," అంది. బాగుంది సంబడం. రెండోవాళ్ళు పగటివాళ్ళు. వాళ్ళకి దుమ్ములగొండీ లేదు, ఏమీ లేదు. మనలాగే ఉంటారు. ఒకరి మీద కడుపుమంట పుడుతుంది, మందు సంపాదించి పని కానిస్తారు, మళ్ళీ మామూలుగా సంతకెళ్ళిపోతారు. ఓస్, మందు పెట్టడమేగా, మాకూ ఉంది అన్నాను.

అక్కడితో ఆగిందా? పిసినారిదాన్నీ మొలోయి అంటారంట. మనసులో జాలి లేనిదాన్నీ అంటారంట. పక్కింటి ఆవు పాలెక్కువిస్తే ఆ పక్కింటామెనీ అంటారంట. ఒక్క మాటకి ఇన్ని అర్థాలేవిటి, చింతపండు పులుసా ఎన్ని నీళ్ళు కావాలంటే అన్ని పొయ్యడానికి? ఆ మాటే అంటే దీదీ పడీపడీ నవ్వింది. దాన్ని నవ్వించడానికి నేననలేదు.

అక్టోబరు 15, బుధవారం

పిల్లాడు రెండ్రోజుల నుంచి పాలు ముట్టడం లేదు. ఒకటే ఏడుపు. మొన్న ముసలిమామ చెల్లెలొచ్చింది, ఆవిడని అందరూ ఖాలా అంటారు. వచ్చి పిల్లాణ్ణి, సాలింని, ఎత్తుకుని "ఎంత బరువున్నాడే, ఎంత తెల్లగా ఉన్నాడే" అని బుగ్గలు పిండింది. దిష్టి తగలకుండా అనే మాషాల్లా ఒక్కటీ నోటివెంట రాలేదు. అప్పుడే శాంతవ్వ మొకం మాడ్చుకోవడం చూశాను.

ఈ వేళ పదకొండింటప్పుడు పొయ్యి మీద అన్నం ఉడుకుతుంటే వచ్చింది.

"అక్కా, జర ఒక పొయ్యి ఇడువరాదు? పోరనికి దిష్టి తీసిన. ఇవి కాల్చాలె."

చేతిలో ఎర్రంచు చీరముక్క మూట. కల్లుప్పు, ఎండు మిరపకాయలు, చీపురు పుల్లలు, పిల్లాడి తలవెంట్రుకలు నాలుగు. ఖాలా చెప్పులు విడిచినచోట మట్టి కూడా తీసి కలిపిందంట. తెలివి చూడు!

"నా పొయ్యి మీద ఆ పెంట వద్దు. మిరపకాయల ఘాటుకి ముసలావిడ దగ్గి దగ్గి చస్తుంది," అన్నాను.

"దిష్టి తగిలిన మిరపకాయకు ఘాటుండది గదా అక్కా."

"నాకు నేర్పకు."

"గిదేం దేశమక్కా, మూడు బాటలు గలిసే కాడ పారేద్దమన్నా గేటు దాటనియ్యరు. నిప్పు నీ చేతిలనే ఉన్నది."

నిప్పు నా చేతిలోనే ఉంది. ఆ మాట దానికి తెలిసినందుకు సంతోషం. వెళ్ళవే అన్నాను. దీదీ ఫ్రిజ్ దగ్గర నించుని ముసలావిడకి పెరుగు తీస్తోంది. తెలుగు రాదుగానీ చెవులు మాత్రం రిక్కించుకుని వింటుంది. శాంతవ్వ ఆ మూటని మళ్ళీ కొంగులో చుట్టుకుని వెళ్ళిపోయింది. ఏం చేసుకుంటుందో చేసుకోనీ. ఖల్లీవల్లీ, పోతే పోనీ.

అక్టోబరు 16, గురువారం

మరియం ఫోన్లో ఎవరికో నా గురించి చెబుతోంది. "తబ్బాఖా చేసింది" అంది. వంటమనిషి అని. నాలుగేళ్ళు నిండేదాకా వేణీ, వేణీ అని నా మెడ పట్టుకుని వేలాడింది ఇదేనా అని. పిల్లలంతే, వాళ్ళకి బుద్ధేం ఉంటుంది.

అక్టోబరు 20, సోమవారం

ఇల్లు ఇల్లంతా గోల.

పిల్లాడికి రాత్రి నుంచి జ్వరం. పొద్దున్నే ఖాలా దిగింది. వచ్చీ రాగానే పిల్లాడి గదంతా వెతికించింది, మేడం వద్దంటున్నా వినలేదు. బట్టల బీరువా మీద నుంచి ఆ మూట తీసి హాల్లో విసిరికొట్టింది. ఉప్పు, మిరపకాయలు, వెంట్రుకలు అన్నీ తివాచీ మీద చెల్లాచెదరు. "సెహర్! సెహర్!" అని గుండెలు బాదుకుంది. చేతబడి అని. మేడం మొగుడు, బాబా, ఆఫీసు నుంచి పరుగెత్తుకొచ్చాడు. పోలీసులకి చెబుతానన్నాడు.

ఎవరు పెట్టారంటే శాంతవ్వ "నేనే" అంది. ఎంత తెలివితక్కువది! నేనే అంటే ఎలా? వచ్చిన అరబ్బీ నాలుగు ముక్కల్లో "మంచికి, బాబు మంచికి" అని ఏడ్చింది. ఎవరు వింటారు?

మేడం నా వైపు తిరిగింది. "వేణీ, నువ్వూ హిందీవే, ఇండియాదానివే కదా. ఏవిటిది?"

తెలీదన్నాను.

శాంతవ్వని నా వంటింటి పక్క సామాన్ల గదిలో పెట్టి తాళం వేశారు.

అక్టోబరు 21, మంగళవారం

తెలీదు అన్నాను, అందులో తప్పేముంది? వాళ్ళ తెలంగాణా పద్ధతులు నాకెలా తెలుస్తాయి? వాళ్ళది వేరు, మాది వేరు. మా అమ్మ ఉప్పూ మిరపకాయలూ తీసేది నిజమే, అందులో చెప్పుల మట్టి ఎప్పుడూ లేదు. మరియం చంటిదప్పుడు నేనూ తీసేదాన్ని, ఈ పొయ్యి మీదే కాల్చేదాన్ని. కానీ నేను పద్ధతిగా తీసేదాన్ని. ఎక్కడపడితే అక్కడ దాచలేదు.

"మీ దేశంలో ఇలాంటివి ఉన్నాయా?" అని కూడా అడిగింది మేడం. మా వైపు లేవు అన్నాను. అంతే అన్నాను.

సెహర్ అన్న మాట నా నోటివెంట రాలేదు. అన్నది ఖాలా. "అదే కదా?" అని ఆవిడ నన్నడిగితే తల ఊపాను. పెద్దావిడ అడుగుతుంటే ఊపకపోతే ఏం చెయ్యను?

అక్టోబరు 22, బుధవారం

శాంతవ్వకి అన్నం పట్టుకెళ్ళాను. నేనే పట్టుకెళ్ళాలంట, తాళం నాకిచ్చారు. వంటమనిషినీ నేనే, జైలరునీ నేనే.

బియ్యం బస్తాల మీద కూర్చుని ఉంది. నన్ను చూడగానే చేతులు పట్టేసుకుంది. విదిలించుకుందామంటే వదల్లేదు.

"అక్కా, పోలీసులకు అప్పజెప్పినా సరే, జైల్ల ఏసినా సరే. ఇంటికి మాత్రం పంపొద్దని చెప్పక్కా మేడంకు."

జైలు కన్నా ఇల్లు చేదా, ఇదేం విడ్డూరమే అన్నాను.

అప్పుడు నోరు తెరిచి చూపించింది. ఆ పళ్ళు వాటంతటవి ఊడలేదంట. పక్కింటామెకి పురుట్లో పిల్ల పోయిందంట, ముందురోజు ఆ ఇంటికి ఇది పాలు అడగడానికి వెళ్ళిందంట. అంతే, బాణామతి చేసిందన్నారు. చెట్టుకి కట్టేశారు. పటకారు తెచ్చింది కూడా బయటివాడు కాదంట, సొంత మరిది. ముందు పళ్ళు పోతే మంత్రం సరిగ్గా పలకదు అని పీకేశారు. చెప్తూ చెప్తూ నాలుక ఆ సందులో పెట్టుకుంటుంది, ఇంకా నొప్పి పెడుతున్నట్టు. అన్నం పెట్టడానికొచ్చినదానికి ఇవన్నీ చెప్పాలా?

ఏజెంటు లచ్చన్న వాళ్ళ మండలం వాడేనంట. జాలిపడి పైసా తీసుకోకుండా ఇక్కడికి పంపాడు. ఊళ్ళో ఇప్పుడిప్పుడే మరిచిపోతున్నారంట. కూతురు సింధూజ కోరుట్లలో హాస్టల్లో పదో తరగతి చదువుతోంది, తల్లి పేరు చెప్పకుండా.

"ఆడ గదే పేరు, ఈడ గూడ గదే పేరొచ్చిందని ఎరుకైతే, ఇగ నిజమే అనుకుంటరక్కా. ఈసారి పళ్ళతోని ఇడువరు. ఒక్క మాట జెప్పు. గిది దిష్టి అని ఒక్క మాట."

అన్నం తిను ముందు అన్నాను. చూద్దాం అన్నాను. అన్నానా? ఆఁ, అన్నాను. అది నా కాళ్ళు పట్టుకుంది.

అక్టోబరు 23, గురువారం

ఎవరికి వాళ్ళు నాకు నీతులు చెప్పేవాళ్ళే.

పొద్దున్న జిలాని. "అక్కా, ఆయమ్మ చేసింది ఏముండాది? మా అమ్మ గూడా ఉప్పు మిరపకాయలు తిప్పేసేది. నేను చెప్తే బాబా యింటాడా, డ్రైవర్ని. నువ్వు ఆరేండ్లుగా ఉండావు, అరబ్బీ బాగా వచ్చు. నువ్వొక మాట చెప్తే సరిపోతాది."

మరి నువ్వెందుకు చెప్పవు, నోరు పడిపోయిందా? అంటే తల దించుకున్నాడు. వాడి వీసా వాడికి ముద్దు. నాది మాత్రం గడ్డిపోచ!

మధ్యాహ్నం దీదీ. వచ్చీ రాని హిందీలో మొదలెట్టింది. శాంతవ్వ పొయ్యి అడగడానికి వచ్చినప్పుడు తను అక్కడే ఉందంట. మూటా చూసిందంట, నేను పొమ్మనడమూ చూసిందంట. మాట అర్థం కాకపోయినా చెయ్యి విసిరితే అర్థం కాదా అంది. ఆవిడ ఆ మూటని నీకు దాచకుండా చూపించింది కదా, దాచేవాళ్ళు అలా చూపిస్తారా అంది. పిల్లాడు చెవి పీక్కుంటున్నాడు, చెవిలో చీము పట్టినట్టుంది, ఆసుపత్రికి తీసికెళ్ళమని తను చెబితే ఖాలా తిట్టిందంట.

మళ్ళీ ఆ మొలోయి పురాణం. వాళ్ళ పిన్నిని ఊళ్ళో మొలోయి అన్నారంట. పిన్నికి మొగుడు లేడు, బావి పక్కన మంచి చేను ఉంది. ఆ పేరు పడ్డాక ఆమె ఊరొదిలి పోయింది. చేను ఎవరు దున్నుకున్నారో తెలుసా అని నన్నడిగింది. ఆ మాట మొదట అన్నవాళ్ళేనంట. ఇది ఇంకో అర్థం కాబోలు. రోజుకో అర్థం చెప్తే నేను గుర్తుపెట్టుకోవాలా?

కందకు లేని దురద కత్తిపీటకెందుకు అన్నాను. దానికి అర్థం కాలేదు. మంచిదే.

అక్టోబరు 24, శుక్రవారం

ఆసుపత్రికి తీసికెళ్ళారు. చెవిలో చీము పట్టిందంట. మందిచ్చారు. సాయంత్రానికి జ్వరం దిగింది.

దీదీ మొకంలో ఏం గెలుపో! నోబెల్ ఇచ్చినట్టు.

పిల్లాడు శాంతవ్వ కోసం ఏడుస్తున్నాడు. మేడం ఎత్తుకున్నా ఆగడు. నాకిచ్చింది. నా దగ్గరా ఆగలేదు. నా జాకెట్టు పట్టుకుని అటూ ఇటూ తల తిప్పి ఆ సామాన్ల గది వైపే చూస్తాడు. అక్కడుందని వాడికెవరు చెప్పారు? మరియంకి నేను తప్ప ఎవరూ అక్కర్లేకపోయేది ఒకప్పుడు. అప్పుడు నన్ను ఒట్టి వంటింటికే పరిమితం చేసి, పిల్ల పెద్దదైపోయింది, నర్సరీకి వెళ్తోంది, నీకింక పని తేలిక అన్నారు. ఒక్కళ్ళు అడగలేదు, వేణీ నీకెలా ఉంది అని. నేనెవరి కాళ్ళూ పట్టుకోలేదు.

అక్టోబరు 25, శనివారం

ఈ రోజు జరిగింది జరిగినట్టు రాస్తాను. రేపు ఎవరైనా ఏదైనా అంటే నాకైనా గుర్తుండాలి.

మేడం నన్ను పిలిచింది. హాల్లో ముసలిమామకి దీదీ సూపు తాగిస్తోంది. మేడం కళ్ళు ఏడ్చి వాచి ఉన్నాయి. "సాలిం అన్నం తినడం లేదు, దాని కోసమే ఏడుస్తున్నాడు. డాక్టరేమో చెవి అన్నాడు. ఖాలా చాదస్తమేమో. నీకు తెలీదన్నావు కదా, అయితే దాన్ని పంపిన ఏజెంటుకి ఫోన్ చేసి అడుగు. వాళ్ళ ఊళ్ళో ఇది మామూలు పద్ధతే అంటే చాలు. బాబాకి చెప్పి ఉంచేస్తాను," అంది.

ఉంచేస్తాను అంది. ఇంత రచ్చ చేసి, దొరసాని మళ్ళీ పిల్లాడి గదిలోకి!

లచ్చన్నకి ఫోన్ కలిపాను. మేడం నా పక్కనే సోఫాలో. లైను సరిగ్గా లేదు, గట్టిగా మాట్లాడాల్సి వచ్చింది.

"శాంతవ్వ పిల్లాడి గదిలో ఉప్పూ మిరపకాయలూ వెంట్రుకలూ దాచింది. ఇక్కడ సెహర్ అంటున్నారు. సెహర్ అంటే మీ బాణామతి," అన్నాను.

"అయ్యో, అమ్మా, మెల్లగ. మా దుకాండ్ల మంది కూసున్నరు, నీ గొంతు ఇనపడ్తది. గదేం గాదు, దిష్టి తీసుడు. పొల్లగాండ్లకు అందరు జేస్తరు. నీకెరుకనే గద? మేడంకు జెప్పు తల్లీ."

"వినపడలేదు."

"దిష్టి, దిష్టి! జెప్పు!"

"బాణామతేనా అని అడుగుతున్నారు మేడం."

"గా పేరు అనకని జెప్తున్న గదా! ఈడ ఆమె ఊరోళ్ళున్నరు!"

మేడం నా మొకంలోకి చూస్తోంది. ఏమంటున్నాడు, ఏమంటున్నాడు అని చెయ్యి ఊపుతోంది. అప్పుడు నేను అరబ్బీలో చెప్పాను. వాళ్ళ ఊళ్ళో ఆవిడకి ముందు నుంచీ ఈ పేరుంది. అందుకే ఊరివాళ్ళు పళ్ళు పీకారు. అది తప్పించుకునే ఇక్కడికి వచ్చింది.

ఇందులో అబద్ధం ఒక్క ముక్క ఉంటే చూపించమను. ప్రతి మాటా శాంతవ్వ నోటితో చెప్పిందే. లచ్చన్న చెప్పాడని నేను అనలేదు. మేడం అలా అనుకుంటే అది ఆవిడ ఇష్టం.

మేడం నోటికి చెయ్యి అడ్డం పెట్టుకుంది. లేచి పిల్లాడి గదిలోకెళ్ళి తలుపేసుకుంది. లచ్చన్న ఇంకా "అమ్మా, జెప్పినవా? ఏమన్నరు?" అని అరుస్తున్నాడు. పంపేస్తున్నారంట అని పెట్టేశాను.

తిరిగి చూస్తే దీదీ సూపు చెంచా గాల్లో పట్టుకుని ఉంది. తొమ్మిదేళ్ళుగా గల్ఫులో ఉందంట, అరబ్బీ అంతా అర్థమవుతుంది. ముసలావిడ నోరు తెరుచుకుని ఎదురుచూస్తోంది. పెట్టు మరి, చల్లారిపోతుంది అన్నాను.

నన్ను ఏమీ అనలేదు. ఇన్ని అర్థాలున్న మాట ఒకటి దగ్గర పెట్టుకుని, ఒక్కటీ అనలేదు. అంటే బాగుండేది. అంటే నేనూ నాలుగు అనేదాన్ని.

అక్టోబరు 26

భయంగా ఉంది. ఎందుకో తెలీదు.

అక్టోబరు 27, సోమవారం

శాంతవ్వని జిలాని సీబ్ ఎయిర్‌పోర్టుకి తీసికెళ్ళాడు. హైదరాబాదు టికెట్టు. పోలీసులదాకా వెళ్ళకుండా మేడమే బాబాని ఆపిందంట, ఎంతైనా మంచిది.

వెళ్ళేముందు వంటింట్లోకి వచ్చింది. తిడుతుందనుకున్నాను. తిట్టలేదు. "పోలీసులకు పట్టియ్యకుంట నువ్వే ఆపినవట గదా అక్కా," అంది. ఎవరు చెప్పారో! "ఇంటికి పంపొద్దని గూడ చెప్పే ఉంటవు. వాళ్ళు ఇనకపోతే నువ్వేం జేస్తవు." నా చేతిని కళ్ళకి అద్దుకుంది. "పోరనికి సద్దన్నంల పెరుగు గలిపి పెట్టు, తింటడు. చెవి కాడ నీళ్ళు తగలనియ్యకు."

నేను ఉల్లిపాయలు తరుగుతున్నాను. కళ్ళు మండిపోతున్నాయి. వెళ్ళిరా అన్నాను.

అక్టోబరు 29, బుధవారం

మళ్ళీ పిల్లాణ్ణి నాకే అప్పజెప్పారు. వంటా నాదే. ఒక్క చేత్తో గరిటె, ఒక్క చేత్తో వీడు. ఆరేళ్ళ తరవాతైనా మనిషి విలువ తెలిసింది. ఎంత ఏడ్చినా నాలుగు రోజులే, తరవాత అలవాటు పడతాడు. పెరుగన్నం పెట్టాను. తిన్నాడు.

నవంబరు 2, ఆదివారం

లచ్చన్న ఫోన్ చేశాడు. నాకు చెయ్యాల్సిన పనేంటి?

శాంతవ్వ ఇంటికి చేరలేదంట. హైదరాబాదులో విమానం దిగింది. జగిత్యాల బస్సెక్కినట్టు చూసినవాళ్ళున్నారంట. ఆ రోజు అతని దుకాణంలో కూర్చున్నవాళ్ళు వెళ్ళి ఊరంతా చెప్పేశారు. ఆమె ఊరివాళ్ళు కొందరు పొద్దున్నుంచీ బస్టాండులో కాపేశారు. బస్సు వచ్చింది. తరవాత ఆమె ఏమైందో ఒక్కడూ సరిగ్గా చెప్పడు. దిగనే లేదంటాడొకడు. దిగి ఆటో ఎక్కిందంటాడు ఇంకొకడు. కోరుట్ల హాస్టల్లో ఆ సింధూజకి ఏం చెప్పాలో తెలీడం లేదంట.

"నువ్వు గా రోజు మేడంకు దిష్టి అని జెప్పినవా లేదా తల్లీ? గదొక్కటి జెప్పు నాకు."

లైను సరిగ్గా లేదు. పెట్టేశాను.

మళ్ళీ రెండుసార్లు చేశాడు. ఎత్తలేదు. పని ఉంది కదా.

నవంబరు 4, మంగళవారం

గుమ్మడికాయల దొంగంటే భుజాలెందుకు తడుముకోవాలి నేను? తడుముకోను.

బస్సు దిగి ఉంటుంది. చుట్టాలింటికి పోయి ఉంటుంది. ఇలాంటివాళ్ళకి నూరుమంది చుట్టాలుంటారు.

నవంబరు 9, ఆదివారం

ఈ వారమంతా చూస్తున్నాను. జిలాని ఇంట్లో తినడం మానేశాడు. ఎప్పుడు చూసినా రోడ్డవతల మలయాళీ హోటల్లోనే. దీదీ వాళ్ళ దేశం జొన్నపిండి ఏదో తెప్పించుకుని ముసలావిడ గదిలో కరెంటు పొయ్యి మీద కెలుక్కుంటోంది. ముసలావిడకి కూడా తనే విడిగా వండి పెడుతోంది. నేను వడ్డించిన కంచాల మీద మూతలు పెట్టినవి పెట్టినట్టే ఉంటున్నాయి.

పోనీలే, డైటింగులు చేసుకుంటున్నారు అనుకున్నాను. ఈ వేళ మత్రా చేపల మార్కెట్టు నుంచి మంచి వంజరం వచ్చింది. పులుసు పెట్టాను, మా అమ్మ పెట్టినట్టు, మామిడికాయ వేసి. వీధి చివరిదాకా వాసన. జిలానికి ఈ పులుసంటే ప్రాణం. ఇదివరకు గిన్నె నాకేసేవాడు. పిలిచాను. గుమ్మంలో నించున్నాడు, లోపలికి రాడు.

"ఏరా, నా చేతి కూడు తింటే చస్తావా?"

వెటకారంగానే అన్నాను. వాడు నవ్వుతాడనుకున్నాను. నవ్వలేదు. చేతిలో కారు తాళాలు తిప్పుకుంటూ నేల చూశాడు.

"ఏమోనక్కా," అన్నాడు. "భయంగా ఉండాది."

నన్ను చూసి! ఆరేళ్ళు వాడికి అన్నం పెట్టిన నన్ను చూసి! నోటికొచ్చినట్టు తిట్టాను. రాయచోటి వెధవా, పిరికి వెధవా, పో అన్నాను. వెళ్ళిపోయాడు. చంకలో పిల్లాడు నా అరుపులకి ఏడుపు లంకించుకున్నాడు. మేడం పరుగెత్తుకొచ్చి వాణ్ణి నా దగ్గర్నుంచి తీసేసుకుంది.

పులుసు అంతా అలాగే మిగిలింది. అంత మంచి చేప పారబొయ్యడానికి మనసొప్పలేదు. కింద కూర్చుని ఒక్కదాన్నే తిన్నాను.